27కి 15 కలిపితే 312 అని రాస్తున్న పాపకు ఏం చేయాలి?

చెల్లె, మీ పాప మూడో తరగతి, ఇంగ్లీష్ మీడియం. 27, 15 కూడమంటే 312 రాస్తోంది. నూట ఐదు రాయమంటే 1005 రాస్తోంది. స్కేలుతో పెన్సిల్ కొలిస్తే ఎప్పుడూ ఒక సెంటీమీటరు ఎక్కువ చెబుతోంది. ట్యూషన్ చెప్పే ఆమె "ఈ పిల్లకు లెక్కలు రావు" అనేసరికి మీకు టెన్షన్ పట్టుకుందని రాశారు. నేను దేవరకొండ వైపు ప్రాథమిక బడుల్లో ఇరవై రెండేండ్లుగా చిన్న తరగతులకే చెబుతున్నాను. ఈ మూడు తప్పులూ ఏటా చూస్తాను. లెక్కలు రాని పిల్లలు చేసే తప్పులు కావివి.

312 ఎట్లా వచ్చిందో చూడండి. ఏడూ ఐదూ పన్నెండు, సరిగ్గానే కూడింది. రెండూ ఒకటీ మూడు, అదీ సరే. రెండింటినీ పక్కపక్కన పెట్టింది. ఒకట్ల దగ్గర తొమ్మిది కంటే ఎక్కువ నిలవవని, పది కాగానే పదుల వైపు జరగాలని ఆమెకు ఇంకా అందలేదు. ఈ సంగతి మీ ఇంట్లో అందరికీ తెలుసు. ఒకచోట ఎకరం ఇరవై ఐదు గుంటలు, ఇంకోచోట ఎకరం ఇరవై గుంటలు ఉంటే రెండెకరాల నలభై ఐదు గుంటలని ఎవరూ అనరు. మూడెకరాల ఐదు గుంటలంటారు. నలభై నిండగానే ఎకరం అయింది. అక్కడ నలభై, ఇక్కడ పది.

ఉద్యోగంలో చేరిన కొత్తలో నేనూ "రెండు కింద రాయి, ఒకటి మనసులో పెట్టుకో" అనే చెప్పాను. పిల్లలు నేర్చుకున్నారు కూడా. తర్వాత 23, 14 ఇస్తే 47 రాశారు! మనసులో ఒకటి ఎందుకు పెట్టుకోవాలో తెలియదు కాబట్టి ప్రతి లెక్కకూ పెట్టుకున్నారు. ఆ ఏడాదే వలస నుంచి తల్లిదండ్రులతో తిరిగొచ్చిన ఒక పిల్లవాడు పలక మీద అచ్చం మీ పాపలాగే 312 రాశాడు. సాయంత్రం కిరాణా కొట్టు దగ్గర కనబడితే ఇరవై ఏడు రూపాయల సామాను, పదిహేను రూపాయల సామాను కలిపి ఎంతవుతుందని అడిగాను. ఠక్కున నలభై రెండు అన్నాడు. ఎట్లా లెక్కపెట్టావురా అంటే, "ఇరవై, పది, ముప్పై. ఏడు, ఐదు, పన్నెండు. ముప్పై, పన్నెండు, నలభై రెండు" అన్నాడు. పదులు ముందు కలిపాడు. నోటికి వచ్చిన లెక్క పలక మీదికి రాలేదంటే అది నేను నేర్పిన తీరులో లోపం. ఆ రోజు నుంచి నా పద్ధతి మార్చుకున్నాను.

మీరు చేయాల్సింది ఇది. సన్నటి కందికట్టె పుల్లలు ఒక వంద పైచిలుకు విరిచి పెట్టండి, రబ్బరు బ్యాండ్లు కొనండి. అరగదీసిన చింతగింజలో, పచ్చీసు గవ్వలో వేసి, ఎంత పడితే అన్ని పుల్లలు తీసుకోవాలి. చేతిలో పది కాగానే కట్ట కట్టాలి, బతుకమ్మకు గునుగు పూలు కట్టలు కట్టినట్టు. పది కట్టలైతే ఒక పెద్ద మోపు. కట్ట పాపే కట్టాలి, మీరు కట్టి ఇవ్వకండి. పది విడి పుల్లలు ఒక కట్టగా మారడం ఆమె చేతుల్లోనే జరగాలి. తర్వాత రెండు కట్టలు ఏడు పుల్లలు ఒక పక్క, ఒక కట్ట ఐదు పుల్లలు ఒక పక్క పెట్టి కలపమనండి. పన్నెండు విడి పుల్లలు కనబడగానే చెయ్యి దానంతటదే రబ్బరు బ్యాండు వైపు పోతుంది. నోట్‌బుక్కు అప్పుడు తీయండి. తీసివేతకు కట్ట విప్పడమే. డబ్బులతో చెప్పడం తర్వాత సంగతి, ఎందుకంటే పది రూపాయల నోటులో పది విడి రూపాయలు కంటికి కనబడవు. పది రోజులు, రోజుకు పావుగంట చాలు.

1005 ఎందుకు రాస్తోందంటే, విన్నది విన్నట్టు రాస్తోంది: నూరు, ఐదు. పాత పెండ్లిపత్రికల అట్ట కత్తిరించి పొడుగు అట్ట మీద 100, చిన్న అట్ట మీద 5 రాయండి. 5ను 100లోని చివరి సున్నా మీద పెడితే 105 కనబడుతుంది. ఆ సున్నా కింద దాగి ఉంది, పోలేదు. 200 లాంటి పొడుగు అట్టలు, 30 లాంటి పదులకు మధ్యరకం అట్టలు కూడా చేసి 135, 208 ఇట్లా ఆడించండి.

ఇంగ్లీష్ మీడియం గురించి ఒక మాట, దీన్ని నేను గట్టిగా నమ్ముతాను. మన తెలంగాణ సర్కారు బడుల్లో 2022-23 నుంచి ఒకటో తరగతి నుంచే ఇంగ్లీష్ వచ్చింది, పుస్తకాల్లో ఒక పేజీ తెలుగు, ఒక పేజీ ఇంగ్లీష్. పద్నాలుగు అన్నప్పుడు పది ముందు వినబడుతుంది. ఫోర్టీన్‌లో నాలుగు ముందు వినబడుతుంది, అందుకే చాలామంది 41 రాస్తారు. ఇంట్లో మీరు తెలుగులోనే లెక్కపెట్టించండి. ఇంగ్లీష్ పేర్లు తర్వాత అతుక్కుంటాయి. తండా పిల్లల పరిస్థితి ఇంకా కష్టం, ఇంట్లో లంబాడీ, బడిలో తెలుగు, పుస్తకంలో ఇంగ్లీష్. వాళ్లను ముందు ఇంటి భాషలోనే లెక్కపెట్టనిస్తాను.

ఇక స్కేలు. పాప పెన్సిల్ కొసను 1 దగ్గర పెడుతోంది, లెక్కపెట్టడం ఒకటితో మొదలవుతుంది కాబట్టి. స్కేలు ఇవ్వకముందు జానలతో, మూరలతో కొలిపించండి. పూలు కొనేటప్పుడు వెంట తీసుకుపోండి. పూలమ్మే ఆమె మూర, పాప మూర పక్కపక్కన పెడితే ఎందుకు తేడా వస్తుందో పాపే చెబుతుంది, అందరికీ ఒకే కొలత ఎందుకు కావాలో అక్కడే తెలుస్తుంది. తర్వాత మొదలు విరిగిపోయిన స్కేలు ఒకటి ఇవ్వండి. నేను మా తరగతిలో ఇదే ఇస్తాను. పెన్సిల్ 4 దగ్గర మొదలై 11 దగ్గర ఆగింది, ఎంత పొడుగు? ముందు పదకొండు అంటారు, తర్వాత ఎనిమిది అంటారు. గీతలు కాదు, గీతల మధ్య జాగాలు వేలు పెట్టి లెక్కపెట్టమంటే ఏడు దగ్గర ఆగుతారు.

ఈ పది రోజులు ట్యూషన్ మాన్పించినా నష్టం లేదు. కట్ట విప్పకుండానే "దీంట్లో పది ఉన్నయి కదమ్మా" అని పాప అన్న రోజు పుల్లలు అటక మీద పెట్టేయండి. వందల కూడికలకు వచ్చినప్పుడు మళ్లీ దించుకోవచ్చు.