ఒకే మోకాలి మీద రెండు జీతాలు

ప్రశ్న (ఉత్తరాన్ని కుదించి ఇస్తున్నాం): మేము సిడ్నీలోని వెంట్‌వర్త్‌విల్‌లో ఉంటాం. మా అమ్మాయికి 22 ఏళ్లు. రగ్బీ లీగ్ ఆడుతుంది. ఎన్‌ఆర్‌ఎల్ (జాతీయ రగ్బీ లీగ్) మహిళల పోటీలో ఒక క్లబ్బుతో రెండేళ్ల ఒప్పందం కుదిరింది. ఏడాదికి 52,000 డాలర్లు. వారంలో మూడు రోజులు చైల్డ్‌కేర్ సెంటర్‌లో క్యాజువల్‌గా (పర్మనెంటు కాకుండా) పనిచేస్తే మరో 24,000 వస్తాయి. ఇంటి అద్దె లేదు, ఖర్చులు నెలకు 1,800. బ్యాంకులో 7,400 ఉన్నాయి. 62,000 డాలర్ల కారు ఏడేళ్ల లోను మీద తీసుకుందామని, వచ్చే ఏడాది మా ఇల్లు హామీగా పెట్టి తన పేరున ఒక ఫ్లాటు కొందామని అనుకుంటున్నాం. కారు సంతకం ఈ శుక్రవారం. మిగిలే డబ్బు షేర్లలో పెట్టాలా, సూపర్‌లో (పదవీ విరమణ పొదుపు ఖాతాలో) వేయాలా?

జవాబు: ముందుగా అమ్మాయికి నా అభినందనలు చెప్పండి. 2018లో ఈ పోటీ మొదలైనప్పుడు ఉన్నవి నాలుగే జట్లు. ఒక్కో జట్టు మూడు మ్యాచ్‌లు ఆడితే ఇక ఫైనలే. 2025 నాటికి 12 జట్లు, 11 రౌండ్లు అయ్యాయి. ఆస్ట్రేలియా మహిళల జట్టు జిల్లరూస్‌కు కెప్టెన్‌గా చేసిన రువాన్ సిమ్స్ అగ్నిమాపక దళంలో ఉద్యోగం చేస్తూ ఆడింది. ఆ తరం వాళ్లు డ్యూటీ దిగి ప్రాక్టీసుకు పరుగెత్తితే తప్ప మీ అమ్మాయి చేతికి ఈ కాగితం వచ్చేది కాదు. 2023లో మహిళలకు తొలిసారిగా అయిదేళ్ల ఉమ్మడి వేతన ఒప్పందం కుదిరింది. ఆ ఏడాది 30,000 డాలర్లుగా ఉన్న కనీస వేతనం 2027కి 50,600 అవుతుందని అందులో రాసుకున్నారు. కాబట్టి వచ్చేది చిన్న మొత్తం కాదు, గర్వపడండి.

అయితే మీ ఉత్తరంలో మూడు చోట్ల ‘తన ఉద్యోగం’ అన్నారు. ఇది ఉద్యోగం కాదు, రెండేళ్ల ఒప్పందం. మీ ఉత్తరాన్ని ప్రత్యేకంగా ఎంచుకోవడానికి కారణం ఇదే. ఐటీ కాంట్రాక్టుల మీద పనిచేసే మన తెలుగు కుటుంబాలు ఇక్కడ ఏళ్లుగా చేస్తున్న పొరపాటే ఇది. 24 నెలల ఆదాయాన్ని చూసుకుని 84 నెలల అప్పు చేస్తారు. ఐటీ మనిషికైతే కాంట్రాక్టు పోయినా మోకాలు బాగానే ఉంటుంది, ఇంకో చోట వెతుక్కుంటాడు.

అమ్మాయి చైల్డ్‌కేర్‌లో చేసే పని ఎలాంటిదో ఒకసారి దగ్గరగా చూడండి. రెండేళ్ల పిల్లలు నేల మీద ఆడుతుంటే వాళ్ల పక్కన గొంతుకూర్చోవాలి. ఏడ్చే బిడ్డను ఎత్తుకుని లేవాలి. చంకనెత్తుకుని డైపర్ మార్చే బల్ల దాకా తీసుకెళ్లాలి. రోజంతా మోకాళ్లతోనే పని. ఇక రగ్బీ లీగ్ సంగతి చెప్పనక్కర్లేదు. పరుగు మధ్యలో పాదం నేలకు ఆని శరీరం పక్కకు తిరిగినప్పుడు మోకాలి లోపల ఎముకలను పట్టి ఉంచే ఏసీఎల్ అనే లిగమెంటు తెగుతుంది. మహిళా క్రీడాకారులకు ఈ ముప్పు మగవాళ్లకంటే ఎక్కువ. ఆపరేషన్ చేయించుకుంటే మళ్లీ మైదానంలోకి రావడానికి సాధారణంగా 9 నుంచి 12 నెలలు పడుతుంది. మీరు రెండు ఆదాయాలని రాశారు. ఆ రెండూ నిలబడింది ఒకే మోకాలి మీద.

ఒప్పందం ఉన్నంతకాలం, గాయపడినా క్లబ్బు జీతం ఆగదనే అనుకుందాం. గాయం రెండో సీజన్ చివరి మ్యాచ్‌లో అయితే? ఒప్పందం కొద్ది రోజుల్లో ముగుస్తుంది. కర్రల సాయంతో నడిచే అమ్మాయికి కొత్త ఒప్పందం ఇవ్వడానికి ఏ క్లబ్బయినా ఆలోచిస్తుంది. చైల్డ్‌కేర్‌లో క్యాజువల్ కాబట్టి జీతంతో కూడిన అనారోగ్య సెలవు ఒక్కరోజు కూడా ఉండదు. గాయాల దాకా ఎందుకు? న్యూజీలాండ్ వారియర్స్ తొలి సీజన్ నుంచీ ఆడిన జట్టు. 2020 తర్వాత మహిళల జట్టును ఉపసంహరించుకుని, తిరిగి 2025లోనే వచ్చింది. ఆ మధ్యకాలంలో అక్కడి అమ్మాయిల్లో ఎవరి ఆటా తగ్గిపోయి జట్టు పోలేదు.

“బీమా ఉంటుందిగా” అని మీరు అనుకుంటారు. చాలామంది అక్కడే మోసపోతారు, అందుకే దీని గురించి వివరంగా రాస్తున్నాను. న్యూ సౌత్ వేల్స్‌లో పనిలో గాయపడిన వారికి పరిహారమిచ్చే చట్టం ఉంది కదా, నమోదైన క్రీడాకారులకు ఆట, శిక్షణ, వాటికోసం చేసే ప్రయాణంలో తగిలిన గాయాలకు అది వర్తించదు. 1998 నాటి చట్టంలోనే ఆ మినహాయింపు ఉంది. మైదానంలో తగిలిన దెబ్బకు చైల్డ్‌కేర్ యజమాని బాధ్యత ఎలాగూ ఉండదు. సూపర్ ఖాతాలో ఉండే బీమా సంగతి చూద్దాం. 2020 ఏప్రిల్ నుంచి 25 ఏళ్ల లోపు వారు కొత్తగా చేరితే, తమంతట తాము కావాలని అడిగితే తప్ప సాధారణంగా ఆ బీమా మొదలవదు. మీ అమ్మాయికి 22. ఎవరూ చెప్పకపోతే ఆమె అడిగి ఉండదు. ఇక బయట ఆదాయ రక్షణ పాలసీ తీసుకుందామంటే, వృత్తిగా ఆడేవారి ఆట ఆదాయానికి పాలసీ ఇవ్వడానికి కంపెనీలు మామూలుగా ముందుకు రావు. ఇచ్చినా ఆటలో తగిలిన గాయాలను పక్కన పెడతాయి. సూపర్‌లో బీమా అడిగి తీసుకోండి, తప్పకుండా తీసుకోండి. మినహాయింపుల పేజీ చదివాకే తీసుకోండి.

ఇన్ని తలుపులు మూసి ఉన్నప్పుడు మిగిలేది సొంత డబ్బే. మామూలు ఉద్యోగికి మూడు నుంచి ఆరు నెలల ఖర్చు చాలంటాను. మీ అమ్మాయికి పన్నెండు నెలలు కావాలి. మోకాలు కోలుకునే కాలమే అందుకు లెక్క. నెలకు 1,800 చొప్పున 21,600. చేతిలో 7,400 ఉన్నాయి కాబట్టి తక్కువ పడేది 14,200. పన్ను పోగా నెలకు సుమారు 5,000 డాలర్లు చేతికొచ్చే అమ్మాయి అందులోంచి 2,400 పక్కన పెడితే ఆరు నెలల్లో ఈ పని పూర్తవుతుంది. ఆమె పేరున, కార్డు లేని వేరే పొదుపు ఖాతాలో ఉంచండి. మీ ఇంటి లోను ఖాతాలో కలపకండి. అవసరమైన రోజున ఆమె ఎవరినీ అడగకుండా తీసుకోగలగాలి, నాన్నగారిని కూడా.

ఇప్పుడు కారు. మీరు పంపిన డీలర్ కాగితం చూశాను. నెల వాయిదా పెద్ద అక్షరాల్లో ఉంది. మొత్తం ఎంత కట్టాలో కింద సన్నటి అక్షరాల్లో ఉంది. 62,000 మీద 9 శాతం వడ్డీ, 84 నెలలు, నెలకు దాదాపు 1,000. చివరికి కట్టేది దాదాపు 83,800. ఏటా విలువ తగ్గిపోయే వస్తువు కోసం దాదాపు 21,800 డాలర్ల వడ్డీ! ఒప్పందం ముగిసేనాటికి ఇంకా 60 వాయిదాలు మిగిలే ఉంటాయి. అవి ఎక్కడినుంచి కడతారు? పైగా ఈ వాయిదా కలిస్తే నెల ఖర్చు 2,800 అవుతుంది, పన్నెండు నెలల నిధి 33,600కు పెరుగుతుంది. రాత్రి ప్రాక్టీసు తర్వాత క్షేమంగా ఇల్లు చేర్చే కారు కావాలన్న మీ ఆందోళన నాకూ అర్థమవుతుంది. దానికి 15,000 డాలర్ల పాత టొయోటా చాలు. నిధి నిండాక, డబ్బు కూడబెట్టి కొనండి. అప్పటిదాకా మీ ఇంట్లో రెండో కారు ఉందని మీరే రాశారు.

ఫ్లాటు కోసం మీ ఇంటిని హామీ పెట్టే ఆలోచన మానుకోండి. ఆమె మోకాలికి దెబ్బ తగిలితే మీ ఇల్లు ప్రమాదంలో పడే ఏర్పాటు అది. 5 శాతం డిపాజిట్‌తో తొలి ఇల్లు కొనే ప్రభుత్వ పథకం ఉంది, రెండో ఒప్పందం వచ్చాక చూడవచ్చు. షేర్లు నిధి నిండాకే, తక్కువ ఖర్చున్న ఇండెక్స్ ఫండ్‌లో. సూపర్‌లో యజమానులు వేసే 12 శాతం ఈ వయసుకు సరిపోతుంది. అదనంగా వేస్తే సాధారణంగా 60 ఏళ్ల దాకా చేతికి రాదు.

శుక్రవారం డీలర్ దగ్గరికి వెళ్లకండి. ఆ సాయంత్రం అమ్మాయితో కూర్చుని క్లబ్బుకు ఒక ఈమెయిలు రాయించండి. గాయంతో సీజన్ ముగిస్తే, ఒప్పందం అయిపోయాక ఆపరేషన్, ఫిజియోథెరపీ ఖర్చులు ఎవరు భరిస్తారు, ఎంతకాలం భరిస్తారు? ఆ కాలంలో జీతం ఏమైనా వస్తుందా? జవాబు రాతపూర్వకంగా అడగండి. అదే ఈమెయిలు నకలు ఆటగాళ్ల సంఘానికి కూడా పంపండి. జవాబు వచ్చాక నాకు మళ్లీ రాయండి, నిధి లెక్క దాన్నిబట్టి సరిచేద్దాం.