లైవ్‌లో పాడితే చదివింపులు ఎలా వస్తాయి?

మీ చెల్లెలు జానపదాలు బాగా పాడుతుందని, యూట్యూబ్‌లో లైవ్ మొదలుపెడితే జనం ఎలా చేరతారు, డబ్బు ఎలా వస్తుందని అడిగారు. నేను నాగర్‌కర్నూల్ దగ్గర మా ఊరి నుంచి మూడేళ్లుగా లైవ్‌లో పాడుతున్నాను.

మా నాన్న భాగోతాలు ఆడేవారు. ఆట మధ్యలో ఎవరైనా పది రూపాయలు చదివిస్తే హార్మోనియం ఆపించి, ఇచ్చినవారి పేరు, తండ్రి పేరు, ఊరి పేరు రాగం తీసి చెప్పేవారు. అది వినగానే పక్కాయన చెయ్యి జేబులోకి పోయేది. యూట్యూబ్ లైవ్ చూస్తూ జనం డబ్బు జతచేసి పంపే సందేశాన్ని సూపర్ చాట్ అంటారు, అది ఆ చదివింపే. ఈ సంగతి గ్రహించడానికి నాకు ఆరు నెలలు పట్టింది. అంతవరకు ఎవరు ఎంత పంపినా ధన్యవాదాలు చెప్పి తర్వాతి పాటకు వెళ్లిపోయేదాన్ని.

ఒకరోజు పుణెలో మేస్త్రీ పని చేసే మక్తల్ ఆయన 40 రూపాయలు పంపి, వాళ్లమ్మ నాట్లప్పుడు పాడే పాట పాడమన్నారు. ఆయనకు గుర్తున్నది పల్లవిలో సగమే. నాకు రాదని చెప్పాను. తర్వాత మా పెద్దమ్మను అడిగితే మూడు చరణాలు పాడి వినిపించింది. మరుసటి వారం ఆయనను పేరు పెట్టి పిలిచి ఆ పాట పాడాను. ఆయన గదిలో ఉన్నవాళ్లందరినీ కూర్చోబెట్టుకుని విన్నారట. వాళ్లలో ఐదుగురు ఇప్పటికీ ప్రతి లైవ్‌కూ వస్తారు. డబ్బు పంపమని నేను ఏనాడూ అడగలేదు. మీ చెల్లెలిని కూడా అడగవద్దనే చెబుతాను. అడిగిన రోజు వినేవాళ్లు మొహమాటంతో ఇస్తారు, మర్నాడు రారు.

రెండోది వేళ. బుధవారం రాత్రి 8:30కి, ఊళ్లో అన్నాలు తినే వేళకు పాడతాను. శనివారం ఉదయం 7:30కి మళ్లీ పాడతాను. వేసవిలో అప్పుడు డల్లాస్‌లో శుక్రవారం రాత్రి 9 గంటలు. అక్కడి మనవాళ్లు తీరిగ్గా ఉంటారు. జ్వరం వచ్చినా ఆ వేళకు వచ్చి ఐదు నిమిషాలు మాట్లాడి వెళ్లాను తప్ప మానలేదు. మొదటి నెలలో చూసింది పదకొండు మంది, అందులో ఏడుగురు చుట్టాలే. మీ చెల్లెలు దానికి సిద్ధపడాలి.

ఫోను నుంచి లైవ్ పెట్టాలంటే కనీసం 50 మంది సబ్‌స్క్రైబర్లు ఉండాలి. సూపర్ చాట్ రావాలంటే 500 మంది, 90 రోజుల్లో మూడు వీడియోలు, ఏడాదిలో జనం చూసిన సమయం 3000 గంటలు ఉండాలి. వచ్చిన దాంట్లో నూటికి 70 మనకు ఇస్తారు. ఖాతాలో 10 డాలర్లు చేరాక చిరునామా నిర్ధారణకు ఒక సంఖ్య ఉన్న ఉత్తరం పోస్టులో వస్తుంది. పోస్ట్‌మ్యాన్‌కు ముందే చెప్పి ఉంచండి, నాది రెండుసార్లు తప్పిపోయింది. 100 డాలర్లు దాటితేనే బ్యాంకుకు పంపుతారు. అమెరికా పన్ను పత్రం నింపడం మరవకండి, లేకపోతే ఎక్కువ కోత పడుతుంది. సినిమా పాటల జోలికి వెళ్లవద్దు, హక్కుల సంస్థల ఫిర్యాదుతో నా లైవ్ మధ్యలోనే ఆగిపోయింది.

ఇక నాకు నిజంగా భయం కలిగించిన విషయం. ఒకాయన నాలుగు వారాలు వరుసగా పెద్ద మొత్తాలు పంపి, ఆ తర్వాత ఫోను నంబరు అడిగారు. ఇవ్వనన్నందుకు అందరూ చూస్తుండగా రాయకూడని మాటలు రాశారు. డబ్బు పోతే పోయిందని ఆయనను శాశ్వతంగా తీసేశాను. అప్పటి నుంచి నేను పాడుతుంటే మా తమ్ముడు చాట్ చూసుకుంటాడు. మీ చెల్లెలి పక్కన కూడా మొదటి రోజు నుంచే ఒకరు ఉండాలి. ఇంటి గుమ్మం, వీధి, కాలేజీ పేరు తెరమీద కనిపించకూడదు. ఆమెకు పదహారు నిండకపోతే ఒంటరిగా లైవ్ చేయడానికి 2025 జూలై నుంచి యూట్యూబ్ ఒప్పుకోవడం లేదు, పెద్దవాళ్లు కనిపించేలా పక్కన కూర్చోవాలి.

మొదటి లైవ్ ఏ రోజో చెప్పండి. మా పెద్దమ్మను కూడా కూర్చోబెట్టుకుని వింటాను.