‘నేను గుంటూరుదాన్ని’ అనవచ్చునా?

సందేహం: నేను గుంటూరు బ్రాడీపేటలో పుట్టి పెరిగాను. పెళ్ళయినప్పటి నుంచి, అంటే ఇరవై ఆరేళ్ళుగా, విజయవాడ సత్యనారాయణపురంలో ఉంటున్నాను. ఈమధ్య మా పూర్వవిద్యార్థుల జ్ఞాపకసంచికకు నా గురించి నాలుగు మాటలు రాస్తూ ‘నేను గుంటూరుదాన్ని’ అని మొదలుపెట్టాను. అచ్చులో అది ‘నేను గుంటూరువాసిని’ అయింది. అడిగితే, ‘దాన్ని’ అనేది ఆడవాళ్ళను కించపరిచే మాట అనీ, పైగా గ్రామ్యమనీ అన్నారు. అదే సంచికలో ఒక పెద్దమనిషి ‘నేను బందరువాణ్ణి’ అని రాసుకున్నది మాత్రం అలాగే ఉంది. నేను రాసింది తప్పా?
– ఒక పాఠకురాలు, విజయవాడ

సమాధానం: మీరు రాసింది తప్పు కాదు, గ్రామ్యమూ కాదు. నిజానికి దిద్దిన తరువాతే ఆ వాక్యంలోకి తప్పు వచ్చింది. ‘వాసి’ అంటే నివసించే వ్యక్తి. మీరు ఉంటున్నది విజయవాడలో కనుక మీరు విజయవాడవాసి. పుట్టుకచేతా పెంపకంచేతా గుంటూరు మనిషి. ‘వాసి’ చిరునామా చెబుతుంది, ఇల్లు మారితే అదీ మారుతుంది. ‘గుంటూరువాడు’, ‘గుంటూరుది’ అనే మాటలు ఆ మనిషి ఏ ఊరికి చెందినదీ చెబుతాయి, కృష్ణ దాటి వచ్చి ఇరవై ఆరేళ్ళయినా ఆ సంబంధం పోదు. దిద్దినవారు మీకు మర్యాద చేస్తున్నామనుకొని, మీరు చెప్పదలచుకున్న సంగతినే తీసివేశారు. సంస్కృతంలో ‘వాసిని’ స్త్రీలింగ రూపం గనుక, అది ఆడవారికి తగిన మాట అని కూడా వారికి తోచి ఉండవచ్చు. కానీ ‘నేను గుంటూరువాసిని’ అన్నప్పుడు చివరనున్న ‘ని’ స్త్రీలింగాన్ని తెలిపేది కాదు, ‘నేను కవిని’ అన్నప్పుడు వచ్చే ‘ని’యే. మగవారైనా అలాగే అంటారు.

ఆ ‘ని’ ఎక్కడిదో చూస్తే మీ సందేహం చాలావరకు తీరుతుంది. తెలుగులో మనిషి తానెవరో చెప్పుకునేటప్పుడు ఆ నామవాచకానికే నేను, నువ్వు, మేము అనే తేడాను తెలిపే ప్రత్యయం చేరుతుంది. నేను రైతును, నువ్వు రైతువు, మేము రైతులం. ‘ఉన్నాను’ వంటి క్రియ ఏదీ అక్కరలేదు. ‘నేను’ అనే భావం వచ్చి ఆ పేరుకే అతుక్కుంటుంది. పాత గ్రంథాలలో ఇదే పద్ధతిలో మగవాడు ‘తెలుగువాఁడను’ అనీ, స్త్రీ ‘తెలుగుదానను’ అనీ చెప్పుకునేవారు. ఆ రూపాలు వాడుకలో క్రమంగా ‘తెలుగువాడిని, తెలుగువాణ్ణి’గానూ, ‘తెలుగుదానిని, తెలుగుదాన్ని’గానూ మారాయి.

చిక్కు వచ్చింది ఇక్కడే. పాతభాషలో ‘దానను’ వేరు, ‘దానిని’ వేరు. మొదటిది నేనెవరో చెప్పుకునే రూపం, రెండవది ద్వితీయా విభక్తి, అంటే ‘దానిని తీసుకురా’ అన్నప్పటి రూపం. నేటి తెలుగులో ఈ రెండూ కలిసిపోయి ‘దాన్ని’ అనే ఒక్క రూపంగా వినిపిస్తున్నాయి. ‘నేను గుంటూరుదాన్ని’ అన్నప్పుడు ‘దాన్ని అక్కడ పెట్టు’ అనే వాక్యం చెవిలో మెదిలి, స్త్రీని వస్తువును చేశారన్న అనుమానం కలుగుతుంది. ‘వాణ్ణి’కి కూడా సరిగ్గా ఇదే జరిగింది, ‘వాణ్ణి పిలు’, ‘నేను బందరువాణ్ణి’ రెండూ ఒకేలా ఉంటాయి. అయినా ఆ పెద్దమనిషి వాక్యాన్ని ఎవరూ ముట్టుకోలేదు.

అంతకంటే ముఖ్యమైన సంగతి ఒకటుంది. తెలుగులో ఉత్తమపురుష క్రియకు సాధారణంగా లింగభేదం లేదు. వచ్చాను, వస్తాను, రాను అని స్త్రీపురుషులిద్దరూ ఒకేలా అంటారు. ‘నేను’ అంటున్నది ఆడమనిషో మగమనిషో క్రియను బట్టి తెలిసేది ముఖ్యంగా ఒక చోట, గడిచిన కాలపు అలవాటు చెప్పేటప్పుడు. మగవారు ‘వెళ్ళేవాణ్ణి’ అంటారు, ఆడవారు ‘వెళ్ళేదాన్ని’ అంటారు. మీ నాలుగు మాటల్లో ‘బ్రాడీపేట నుంచి బడికి నడిచి వెళ్ళేదాన్ని’ వంటి వాక్యం ఏదైనా ఉంటే, సంచికవారు దాన్ని దిద్ది ఉండరు. దిద్దాలంటే ఏమని దిద్దుతారు? చదివేదాన్ని, పాడేదాన్ని, అమ్మ దగ్గర పడుకునేదాన్ని అనకుండా తెలుగు స్త్రీ తన చిన్ననాటిని చెప్పుకోలేదు. ప్రొఫెసరైనా, పొలంలో కలుపు తీసే మనిషైనా బాల్యం తలుచుకుంటే ఈ రూపమే వాడుతుంది, వినేవారెవరికీ అందులో అవమానం కనబడదు. అక్కడ లేని అవమానం ఊరి పేరు పక్కకు రాగానే ఎలా వచ్చింది?

అలా అని ఆ సంకోచానికి కారణమే లేదని నేను అనను. కొన్నేళ్ళ కిందట గుంటూరు మిరప యార్డుకు దగ్గరలో, తొడిమలు తీసే కూలీలకు డబ్బులిచ్చే వేళకు ఒకచోట కూర్చుని ఉన్నాను. ఒకామె తన చేతిలో పడిన నోట్లు లెక్కపెట్టుకుని, ఎక్కువ వచ్చిందని గుమస్తాకు ఒక నోటు తిరిగి ఇచ్చింది. నేను మెచ్చుకుంటే, “నేను రెక్కల కష్టం మీద బతికేదాన్ని బాబూ, ఒకరి సొమ్ముకు ఆశపడేదాన్ని కాదు” అంది. ఆ ‘దాన్ని’లో ఎంత నిబ్బరముందో విన్న నాకు తెలుసు. మరుక్షణంలో ఆ గుమస్తా నవ్వుతూ నాతో, “అది ఎప్పుడూ ఇంతేనండీ” అన్నాడు. ఆమె గొంతు మారిపోయింది. “అది ఏందయ్యా? నాకు పేరు లేదా?” అని నిలదీసింది. రెండు మాటల మూలమూ ఒకటే. తన నోట వచ్చినప్పుడు తానెవరో చాటుకున్న మాట, తనకంటే సగం వయసున్న కుర్రవాడి నోట వచ్చేసరికి తనను కిందికి దించే మాట అయింది. జ్ఞాపకసంచికవారు చూడనిది ఈ తేడానే. ‘అది’ అని ఒకరిని అనడానికి చనువో అధికారమో కావాలి, ఆ రెండూ లేకుండా అంటే అది అవమానమే. ‘దాన్ని’ అని తన గురించి తాను చెప్పుకోవడానికి ఎవరి అనుమతీ అక్కరలేదు.

వ్యాకరణ పరిభాష కూడా ఈ సంకోచాన్ని పెంచింది. 1858లో వచ్చిన చిన్నయసూరి బాలవ్యాకరణంతో మనకు బాగా అలవాటైన విభాగంలో పురుషవాచకాలు మహత్తులు, స్త్రీవాచకాలు మహతులు, పశుపక్ష్యాదులూ జడపదార్థాలూ అమహత్తులు. స్త్రీవాచకాలు ఏకవచనంలో అమహత్తులతోనూ, బహువచనంలో మహత్తులతోనూ సమానంగా నడుస్తాయి. ఆమె వచ్చింది, ఆవు వచ్చింది, బస్సు వచ్చింది. కానీ ఆడవాళ్ళు వచ్చారు, ఆవులు వచ్చాయి. ఈ వర్ణన సరైనదే, పేర్లే నాకు రుచించవు. ‘మహత్తు’ అంటే గొప్పది అన్న అర్థం ముందే మనసులో ఉండటం వల్ల, ఆ వర్గంలో లేనివారు తక్కువవారన్న భావం బడిలోనే నాటుకుంటుంది. పురుష, పురుషేతర అనీ, మనుష్య, మనుష్యేతర అనీ చెబితే సరిపోతుంది.

అసలు ఈ విభాగం మన వ్యాకర్తలు కల్పించింది కాదు. తమిళ, కన్నడాలలో స్త్రీకి ఏకవచనంలో వేరే క్రియారూపం ఉంది. గోండీ, కువి వంటి భాషలలో బహువచనంలో కూడా స్త్రీలు పురుషేతర వర్గంలోనే ఉంటారు. తెలుగు ఈ రెండింటికీ నడుమ ఉంది. మరొక సంగతి, తెలుగు స్త్రీని ఏకవచనంలో పూర్తిగా వస్తువుల్లో కలిపివేయనూలేదు. ఒకడు, ఒకతె, ఒకటి అని మూడు మాటలు మనకున్నాయి. ఇద్దరు అన్నామా, ఇక ఆడామగా తేడా లేదు.

మన్నన చూపే తీరు కూడా ఇక్కడి నుంచే వచ్చింది. ‘ఆమె వచ్చింది’ అన్నదాన్ని ‘ఆమె వచ్చారు’ అనగానే స్త్రీ పురుషేతర వర్గం నుంచి మనుష్య బహువచనంలోకి వస్తుంది. ఆయన వచ్చారు, ఆవిడ వచ్చారు. క్రియలో భేదం మిగలదు. అందువల్ల పరాయి స్త్రీని గురించి రాసేటప్పుడు ‘గుంటూరుది’ అనకుండా గుంటూరావిడ, గుంటూరామె, గుంటూరు వారు అనడమే మర్యాద, ఈ విషయంలో సంచికవారితో నాకు భేదం లేదు. తల్లిదండ్రులు కొడుకును ‘మావాడు ఇంజనీరింగు చదువుతున్నాడు’ అని చెప్పి, కూతురి దగ్గరకు వచ్చేసరికి ‘మా అమ్మాయి’ అనడం గమనించండి. ‘మాది’ అంటే మా వస్తువు, మా ఇల్లు, మా ఊరు అవుతుంది కానీ మా కూతురు కాదు. మావాడికి సరిజోడు మాట ఆడపిల్లకు లేకపోవడం నిజమైన లోటే. కాని ఆ లోటు ఇతరుల గురించి చెప్పే ప్రథమపురుషలో ఉంది, తన గురించి చెప్పుకునే ఉత్తమపురుషలో లేదు.

‘మాది’ ప్రస్తావన వచ్చింది కనుక, మీకు మరొక మార్గమూ ఉందని చెప్పాలి. విజయవాడ పండిట్ నెహ్రూ బస్ స్టేషన్‌లో పక్కన కూర్చున్నవారు “మీదే ఊరండీ?” అని అడిగితే ఎవరమైనా “మాది గుంటూరండీ” అంటాం. ఒంటరిగా ప్రయాణం చేస్తున్నా ‘నాది’ అనం. ఇంటిల్లిపాదినీ కలుపుకుని ‘మాది’ అంటాం. ఇందులో ఆడామగా భేదం లేదు. ఇది చక్కని వాక్యం, కాని ఇది కుటుంబపు ఊరిని చెబుతుంది. పెళ్ళయిన స్త్రీ ‘మాది’ అంటే పుట్టిల్లా, అత్తవారిల్లా అన్న ప్రశ్న వెంటనే వస్తుంది, మీ విషయంలో ఆ రెండూ వేరు వేరు ఊళ్ళు. లింగాన్ని సూచించడం ఇష్టం లేనివారికి ‘నేను గుంటూరు మనిషిని’ అనే మాట హాయిగా సరిపోతుంది. ఆ ఎంపిక ఎవరికి వారు చేసుకోవలసింది, పక్కనున్నవారు చేసిపెట్టేది కాదు. ఇక ‘మనవాళ్ళేనా?’ అన్న ప్రశ్న మన రెండు జిల్లాల్లోనూ ఎక్కువగా కులాన్ని కూపీ తీయడానికే అడుగుతారు. అందరినీ కలుపుకోవలసిన ‘మన’ అనే మాటను అంత చిన్న గదిలో బంధించడం నన్ను బాధిస్తుంది, దాని గురించి మరొకసారి రాస్తాను.

మీ ప్రశ్నకు తిరిగి వస్తే, ‘గుంటూరుదాన్ని’ లో మూడు సంగతులున్నాయి: ఊరు, స్త్రీ అయి ఉండటం, ‘నేను’ అని పలికే గొంతు. ‘వాసిని’లో మొదటిది మారిపోయింది, రెండవది పోయింది, మూడవది కార్యాలయ పత్రంలోని సంతకంలా పలచబడింది. సంచిక మళ్ళీ అచ్చుకు వెళ్ళేటట్లయితే, ‘నేను బందరువాణ్ణి’ని ఎలా ఉంచారో ‘నేను గుంటూరుదాన్ని’నీ అలాగే ఉంచమని వారికి రాయండి. వ్యాకరణం అడిగితే ఈ సమాధానం జతచేయండి.