‘తీవ్ర మితవాదం’ అనవచ్చునా?

సందేహం: రెండు ప్రపంచయుద్ధాల నడుమ ఐరోపా కాథలిక్కుల రాజకీయాలపై చరిత్రకారుడు మార్టిన్ కాన్వే చేసిన కృషిని పరిచయం చేస్తూ ఒక వ్యాసం రాస్తున్నాను. ‘రాడికల్ రైట్’ అనే మాటకు పత్రికల్లో కనిపించే ‘తీవ్ర మితవాదం’ వాడవచ్చునా? ‘కాథలిక్ మితవాదం’ సరైన సమాసమేనా?

సమాధానం: మొదటిది వాడకపోవడమే మేలు. మితవాది అంటే తీవ్రతకు దూరంగా ఉండేవాడు. 1907లో సూరత్‌లో కాంగ్రెసు చీలినప్పుడు గోఖలే పక్షంవారిని మితవాదులనీ, తిలక్ పక్షంవారిని అతివాదులనీ అన్నది ఈ అర్థంలోనే. తరువాత వామపక్షానికి ఎదురుగా ఉన్న వారందరికీ ఈ మాటే స్థిరపడటంతో, పార్లమెంటరీ వ్యవస్థనే కూలదోయాలన్నవారు కూడా మితవాదులైపోయి, వారికి ‘తీవ్ర’ అన్న విశేషణం తగిలించవలసి వచ్చింది. వాడుకలో ఉన్నదాన్ని తప్పని కొట్టివేయలేను గాని, చరిత్ర వ్యాసంలో అది పాఠకుణ్ణి తికమకపెడుతుంది. ఈ విభజన 1789లో ఫ్రెంచి జాతీయసభ సభ్యులు అధ్యక్షుడికి కుడి ఎడమల కూర్చున్న తీరునుంచి పుట్టింది కాబట్టి ‘తీవ్ర కుడిపక్షం’ అనండి. ‘దక్షిణపక్షం’ అంటే మనకు ముందు దిక్కే స్ఫురిస్తుంది.

రెండో ప్రశ్న ఇంకా లోతైనది. సమాసంలో విభక్తి లోపిస్తుంది. దానితోపాటు చరిత్రకారుడు శ్రమపడి తేల్చిన సంబంధం కూడా మరుగున పడవచ్చు. ‘కాథలిక్ కుడిపక్షం’ అంటే కాథలిక్కులు చేరిన పక్షమా, శ్రీసభ (కాథలిక్ చర్చి) నడిపిన పక్షమా? ఫ్రాన్సులో ‘ఆక్సియోఁ ఫ్రాన్సేజ్’ అనే తీవ్ర కుడిపక్ష ఉద్యమ నాయకుడు షార్ల్ మోరాస్ విశ్వాసి కాడు. సమాజాన్ని కట్టుబాటులో ఉంచే వ్యవస్థగానే శ్రీసభను సమర్థించాడు. ఆయన వెంట నడిచినవారిలో భక్తిపరులైన కాథలిక్కులు ఎందరో ఉన్నా, 1926లో పదకొండవ పయస్ పోపు ఆ ఉద్యమాన్ని ఖండించి నిషేధించారు. 1939లో పన్నెండవ పయస్ ఆ నిషేధాన్ని ఎత్తివేశారు. బెల్జియంలో లియోన్ దెగ్రెల్ కాథలిక్ యువజనుల నడుమ స్థాపించిన ‘రెక్స్’ పార్టీ తన పేరును క్రీస్తురాజు అన్న అర్థంగల ‘క్రిస్తుస్ రెక్స్’ అనే కాథలిక్ ప్రచురణ సంస్థనుంచి తెచ్చుకొంది. అయినా 1937 ఉపఎన్నికలో అక్కడి శ్రీసభ పెద్ద కార్డినల్ వాన్ రూయ్ బాహాటంగా దెగ్రెల్‌ను వ్యతిరేకించారు. స్లొవాకియాలోనైతే, 1939లో అధ్యక్షుడైన యోజెఫ్ తిసో స్వయంగా కాథలిక్ గురువే, అంటే చర్చి మతాచార్యుడే.

మూడు చోట్లా సంబంధం వేరు కాబట్టి మూడింటికీ ఒకే సమాసం చాలదు. మొదటిదాన్ని ‘కాథలిక్కులను ఆకర్షించిన’, రెండోదాన్ని ‘కాథలిక్ యువజనులలో పుట్టిన’, మూడోదాన్ని ‘కాథలిక్ గురువు నాయకత్వం వహించిన’ తీవ్ర కుడిపక్షమని విడమరచి రాయండి. వాక్యం కొంత పొడవైనా ఫరవాలేదు.