హత్య కేసులో బెయిలు: వాదన పది నిమిషాలు, జామీను పదమూడు రోజులు

"హత్య కేసులో ఒకే ఎఫ్‌ఐఆర్‌లో ఉన్నవారిలో ఒకరికి బెయిలు ఇచ్చి మరొకరికి ఎందుకు నిరాకరిస్తారు? నేర తీవ్రతను బట్టేనా?" అని అడిగారు. నేను న్యాయవాదిని కాను. 2016లో గుంటూరు జిల్లాలోని ఒక హత్య కేసులో మా పినతండ్రి కుమారుడు ఐదో ముద్దాయి. అప్పుడు వకాల్తా మీద సంతకం మొదలుకొని విడుదల ఉత్తర్వు వరకు అతని కోసం కోర్టు చుట్టూ తిరిగినవాడిని నేనే.

నేర తీవ్రత మొదటి గడప మాత్రమే. మరణశిక్షో యావజ్జీవమో పడే నేరంలో, మహిళలు, పిల్లలు, రోగుల విషయంలో తప్ప, మేజిస్ట్రేటు బెయిలు ఇవ్వడం చాలా అరుదు. మిగిలినవారు సెషన్స్ కోర్టుకో హైకోర్టుకో వెళ్లవలసిందే. అప్పట్లో హైకోర్టు అంటే హైదరాబాదు ప్రయాణం. ఇప్పుడు అమరావతిలోని నేలపాడుకు వెళ్తే చాలు. అక్కడ తూచేది ఈ మనిషి చేశాడంటున్న పని ఏమిటి, బయటికి వస్తే సాక్షుల జోలికి వెళ్తాడా, పారిపోతాడా, దర్యాప్తు ఎంతవరకు వచ్చింది అన్నవే.

మాది పొలం గట్టు తగాదా. పోలీసుల కథనం ప్రకారం ఏ1, అంటే మొదటి ముద్దాయి, గొడ్డలితో నరికాడు, తక్కినవారు కర్రలతో కొట్టారు, మావాడు గట్టు మీద నిలబడి "వదలొద్దు" అని కేకలు వేశాడు. రిమాండు మూడో వారంలో వేసిన మొదటి పిటిషన్, ముఖ్య సాక్షుల వాంగ్మూలాలు ఇంకా పూర్తి కాలేదని ప్రభుత్వ న్యాయవాది (పీపీ) చెప్పిన ఒక్క మాటతో వీగిపోయింది. ఛార్జిషీటు దాఖలైన తరువాత రెండోసారి వేశాము. న్యాయమూర్తి గారు తల ఎత్తకుండానే "ఐదో ముద్దాయి ఓవర్ట్ యాక్ట్ ఏమిటి?" అని, అంటే అతను స్వయంగా చేసిన పని ఏమిటని అడిగారు. పీపీ గారు కాగితాలు తిరగేసి "ఉసిగొల్పాడండీ" అన్నారు. "ఆయుధం?" "లేదండీ." అంతే, పది నిమిషాలు కూడా పట్టలేదు. అదే పూట ఏ2 పిటిషన్‌ను కొట్టేశారు. రక్తపు మరకలున్న కర్ర అతను చూపించిన చోటే దొరికిందని రికార్డులో ఉంది. మీ ప్రశ్నకు నాకు తెలిసిన జవాబు అదే.

వరండాలో బల్ల చివర చనిపోయినాయన భార్య కూర్చుని ఉంది. ఉత్తర్వు సంగతి ఎవరో చెప్పినప్పుడు ఆమె ఏమీ అనలేదు, పక్కనున్న పిల్లవాడి చెప్పు పట్టీ సరిచేస్తూ ఉండిపోయింది. నేను ఆమె ముందు నుంచి వెళ్లలేక వెనక మెట్ల మీదుగా దిగి వచ్చాను.

ఊళ్లో మాత్రం ఆ సాయంత్రానికే "డబ్బు పెట్టి తెచ్చుకున్నారు" అన్న మాట పుట్టింది. టీవీల్లో బెయిలు రాగానే "ఊరట" అని పరుగులు పెట్టించే అక్షరాలు చూసి, కేసే పోయిందనుకునేవారు నేటికీ ఉన్నారు. ఇంతటి నేరంలోనైనా 90 రోజుల్లో ఛార్జిషీటు వేయకపోతే, పూచీకత్తు ఇవ్వగలిగిన ముద్దాయికి బెయిలు హక్కుగా వస్తుందని చెబితే అసలే నమ్మరు. 2024 జూలై 1 నుంచి సీఆర్‌పీసీ స్థానంలో కొత్త సంహిత (బీఎన్‌ఎస్‌ఎస్) వచ్చి, బెయిలుకు సంబంధించిన 437, 439 సెక్షన్లు 480, 483 అయ్యాయి గాని త్రాసు మారలేదు. గంజాయి 20 కిలోలు దాటిన కేసులు వేరు. అక్కడ ముద్దాయి నిర్దోషి అని నమ్మడానికి సహేతుకమైన కారణాలున్నాయని కోర్టుకు అనిపించాలి, బయట మళ్లీ నేరం చేయడన్న నమ్మకమూ కలగాలి.

అయితే నా దృష్టిలో అసలు బెయిలు నిర్ణయమయ్యేది వాదనల దగ్గర కాదు, జామీను దగ్గర. మావాడికి 25,000 రూపాయల చొప్పున ఇద్దరు షూరిటీలు (జామీనుదారులు) కావాలన్నారు. కృష్ణా జిల్లాలో పొలమున్న మా బావగారు పాస్‌బుక్కుతో వస్తే, స్థానికుడే కావాలన్నారు. 1978లోనే మోతీరామ్ కేసులో, ఒక పేద మేస్త్రీకి అతని అన్నదమ్ముడు ఇచ్చిన జామీనును ఆస్తి వేరే జిల్లాలో ఉందని కాదన్నందుకు సుప్రీంకోర్టులో జస్టిస్ కృష్ణయ్యర్ తీవ్రంగా మందలించారని మా ప్లీడరుగారే చెప్పారు, చెప్పి, "మనకు వాదించే తీరిక లేదు, ఇంకొకరిని చూడండి" అన్నారు. ఇంకొకరు దొరికితే, ఆస్తి విలువ ధ్రువపత్రం కోసం ఒక మండల రెవెన్యూ కార్యాలయంలో పదమూడు రోజులు తిప్పారు. ఈలోగా టీ బంకు దగ్గర ఒకాయన, మూడు వేలిస్తే తానే షూరిటీగా నిలబడతానని, తన పాస్‌బుక్కు ఇప్పటికే నాలుగు కేసుల్లో ఉందని ధీమాగా చెప్పాడు. నిజాయితీగా వచ్చినవాడిని తిప్పి పంపే పద్ధతి ఇలాంటివాళ్లనే పోషిస్తుంది. స్థానిక షూరిటీ షరతు పెట్టకపోతే మేలని, నెలలోగా పూచీకత్తులు ఇవ్వలేకపోతే షరతుల సడలింపును కోర్టే పరిశీలించవచ్చని సుప్రీంకోర్టు 2023 జనవరిలో చెప్పింది. మాకది ఏడేళ్లు ఆలస్యమైంది.

విడుదల ఉత్తర్వు జైలుకు చేరేసరికి సాయంత్రం లాకప్ అయిపోయింది, ఇంకొక రాత్రి గడపవలసి వచ్చింది. విచారణ ముగిసేదాకా సొంత ఊళ్లో అడుగు పెట్టకూడదన్న షరతు వల్ల మావాడు మంగళగిరిలో మా ఇంట్లోనే ఉండి, ప్రతి ఆదివారం స్టేషన్‌లో సంతకం పెట్టేవాడు; ఆ ఏడు మిరప కోతను వాళ్లమ్మ ఒక్కతే కూలీలను పెట్టి చేయించుకుంది.