భద్రాచలం గుడి తెలంగాణలో, దాని భూములు ఆంధ్రలో: ఎందుకిలా?

ఈ భూముల గొడవ మూలం గుడిలో లేదు, గోదావరిపై కడుతున్న పోలవరం ప్రాజెక్టులో ఉంది. భద్రాచలం ఒకప్పుడు తూర్పు గోదావరి జిల్లాలోది. 1959లో పాలనా సౌలభ్యం కోసం ఖమ్మం జిల్లాలో కలిపారు. 2014లో రాష్ట్రం విడిపోయినప్పుడు ఆ ప్రాజెక్టు నీటిలో మునిగే మండలాలను ఆంధ్రకిచ్చి, గుడి ఉన్న పట్టణాన్ని మాత్రం తెలంగాణకు ఉంచారు. దాంతో పక్కనే ఉన్న పురుషోత్తపట్నంలోని దాదాపు 889 ఎకరాల దేవుడి మాన్యం అవతలి రాష్ట్రంలోకి పోయింది. అక్కడ ఎవరైనా గోడ కడితే గుడి ఈవో (కార్యనిర్వహణాధికారి) వెళ్లి ఆపాలి, కానీ పోలీసులు, రెవెన్యూవాళ్లు వేరే ప్రభుత్వం కింద ఉంటారు. ఆక్రమణలు తెగకపోవడానికి సగం కారణం ఇదే.

భద్రాచలం తెలంగాణలో ఉండిపోవడంతో ఆంధ్ర ప్రభుత్వం 2015 నుంచి కడప వైపు ఒంటిమిట్టలో అధికారికంగా సీతారాముల కల్యాణం చేయిస్తోంది. దాన్ని భద్రాచలానికి పోటీ అనడం నాకు సబబుగా తోచదు, ఒంటిమిట్టది పాత గుడే.

ఆసక్తికరమైన తగాదా మాత్రం మంత్రం మీద. భద్రాచలం కల్యాణంలో చదివే ప్రవరలో (పెళ్లికొడుకు వంశం, గోత్రం చెప్పే పాఠంలో) దశరథుడి కొడుకు రాముడనాలా, రామనారాయణుడనాలా? అర్చకులు మూలవిరాట్టును చూపిస్తారు: నాలుగు చేతులు, శంఖచక్రాలు, విల్లు, బాణం, ఎడమ తొడపై సీతమ్మ. ఈ రూపం నారాయణుడిదే కదా అంటారు. అవతలివారు మాత్రం పెళ్లికొడుక్కి తండ్రి, తాత పేర్లు చెప్పకుండా పెళ్లేమిటని నిలదీస్తారు. ఇది కోర్టు మెట్లూ ఎక్కింది.