మావాడు సౌండ్ ఇంజనీర్ అవుతానంటున్నాడు, ఏం చెయ్యమంటారు?

పాలకొల్లు దగ్గర పల్లెటూరి నుంచి ఒక నాన్నగారు రాశారు. మావాడు ఇంటర్ సెకండియర్ ఎంపీసీ, మార్కులు బానే వస్తాయి, కానీ అమెరికాలో రూడీ వాన్ గెల్డర్ అనే రికార్డింగ్ ఇంజనీర్ గురించి ఎక్కడో చూసి నేనూ అదే అవుతాను బీటెక్ వద్దంటున్నాడు, ఊళ్ళో మైకుసెట్టు కుర్రాడంటారేమోనని వాళ్ళమ్మ ఒకటే ఏడుపు, ఏం చెయ్యమంటారు అని.

ముందు ఆ వాన్ గెల్డర్ కథ మీరూ పూర్తిగా వినండి, మీ ఇద్దరి గొడవకీ జవాబు అందులోనే ఉంది. ఆయన చదివింది ఆప్టోమెట్రీ అండి, అంటే కళ్ళు పరీక్ష చేసి అద్దాలు రాసే చదువు. 1946లో అది పూర్తిచేసి పగలు అదే ప్రాక్టీసు చేసుకున్నాడు. రికార్డింగులేమో న్యూజెర్సీలో హాకెన్‌సాక్ అనే ఊళ్ళో అమ్మానాన్నల ఇంటి హాల్లో. వాళ్ళు ఇల్లు కట్టుకునేటప్పుడే కొడుకు కోసం హాలు పక్కన కంట్రోల్ రూమ్ వేయించి మధ్యలో గాజు కిటికీ పెట్టించారు, మైల్స్ డేవిస్ లాంటి పేరున్న జాజ్ వాద్యకారులు వచ్చి వాయించింది ఆ హాల్లోనే. అద్దాల మీద వచ్చిన డబ్బులు మైకులకీ మెషీన్లకీ పోసి, 1959లో ఎంగిల్‌వుడ్ క్లిఫ్స్‌లో సొంత స్టూడియో కట్టుకున్నాకే ప్రాక్టీసు వదిలాడు. 13 ఏళ్ళు రెండు పడవల మీదా కాళ్ళేసి నిలబడ్డాడన్నమాట. నాకైతే కొడుక్కి హాలు ఇచ్చేసిన ఆ తల్లిదండ్రులే గొప్పగా అనిపిస్తారు.

అందుకని బాబుకి చెప్పండి, డిగ్రీ మానక్కర్లేదు. సినిమా చదువు చెప్పే ప్రభుత్వ సంస్థ పుణె ఎఫ్‌టీఐఐలో సౌండ్ కోర్సుకి వెళ్ళాలన్నా ముందు డిగ్రీ ఉండాలి, ఇంటర్లో ఫిజిక్స్ చదవడం కూడా అక్కడ పనికొస్తది. ఆస్కార్ తెచ్చుకున్న రసూల్ పూకుట్టి అక్కడ చదివినాయనే. బీటెక్ ఈసీఈ తీసుకుంటే సిగ్నల్స్ పాఠాలు వేస్టవ్వవు, బీఎస్సీ ఫిజిక్స్ అయినా నాకు అభ్యంతరం లేదు.

చెవికి తర్ఫీదు మాత్రం ఇవాళే మొదలెట్టాలి. ఒక మామూలు యూఎస్‌బీ మైకు, కంప్యూటర్లో ఫ్రీగా దొరికే ఆడాసిటీ అనే రికార్డింగ్ సాఫ్ట్‌వేర్ చాలు. వాళ్ళ నాయనమ్మని కూర్చోబెట్టి ఒకటే పాట నోటికి జానెడు దూరంలో ఒకసారి, రెండు జానల్లో ఒకసారి, గుమ్మం దగ్గర నుంచి ఒకసారి రికార్డు చెయ్యమనండి. దూరం రెట్టింపైతే నేరుగా వచ్చే గొంతు ఆరు డెసిబెల్స్ (శబ్దాన్ని కొలిచే లెక్క) దాకా పడిపోద్ది, గోడల మోత మాత్రం అంతగా తగ్గదు, అందుకే గుమ్మం దగ్గర గొంతు నూతిలోంచి వచ్చినట్టుంటది. మీ వైపు రొయ్యల చెరువుల ఏరేటర్లు రాత్రంతా గుయ్యిమంటాయి కదా, అది ఒక్కో టేకులో, అంటే ఒక్కో రికార్డింగులో, ఎంత పడిందో, దుప్పట్లు కడితే ఎంత తగ్గిందో రాసుకోమనండి. ఇలా యాభై టేకులు విన్నవాడికి ఏ కోర్సులోనైనా పాఠం ఇట్టే ఎక్కుద్ది.

ఇంకోటి, మైకుసెట్టాయన్ని చిన్నచూపు చూడకండి. జాతరలో మైకు కుయ్యిమనగానే ఏ నాబ్ తగ్గించాలో ఆయన చెయ్యికి తెలుసు, సెలవుల్లో అబ్బాయిని ఆయన వెంట పంపండి, నేను మనస్ఫూర్తిగా చెప్తున్నాను.

డబ్బు సంగతి దాచను. మొదట్లో అసిస్టెంటుగా చాలీచాలని జీతం, తర్వాత కూడా నెలజీతం కంటే ప్రాజెక్టుల మీదే ఎక్కువ నడుస్తది. సినిమా ఒక్కటే కాదు, డబ్బింగ్, ఓటీటీ, ఆడియో బుక్స్, లైవ్ షోలు ఉన్నాయి. ప్రైవేట్ కోర్సుకి మాత్రం చూడకుండా ఫీజు కట్టొద్దు. నా దగ్గరికొచ్చిన నరసాపురం వైపు కుర్రాడొకడు లక్షలు కట్టి చేరితే బ్యాచ్ మొత్తానికి ఒకటే కన్సోల్ (సౌండు కలిపి సరిచేసే నాబుల బల్ల), వాడి వేలు దాని మీద పడింది రెండుసార్లంట. వెళ్ళి, వారానికి ఎన్ని గంటలు చేత్తో చేయిస్తారో అడగండి.

నాయనమ్మగారి టేకులు అయ్యాక ఇయర్‌ఫోన్స్ పెట్టుకుని మీరూ, వాళ్ళమ్మగారూ ఒకసారి వినండి, ఏది బాగుందో మీరే వాడికి చెప్పండి.